కాజాలక్క దిగిన రోజు

నల్ల టైలరు అంటే ఒంటి రంగు చూసి పెట్టిన పేరనుకునేరు, కాదు. మనిషి పసిమిగానే ఉంటాడు. కోర్టు వెనక సందులో ఆయనకో కొట్టు ఉంది. కుట్టుమిషను, గుడ్డ కత్తిరించే బల్ల, రెండు స్టూళ్ళు పోగా మనిషి పక్కకి తిరిగి నిలబడేంత చోటు మిగులుతుంది అందులో. ఆ కొట్టులో నలుపు తప్ప మరో రంగు కనపడదు. లాయర్ల కోట్లు, లాయర్ల గౌన్లు, అంతే. ఎవరైనా తెలియక చొక్కా గుడ్డ పట్టుకొస్తే, "తెల్లదారం పట్టుకుంటే నా చెయ్యి వణుకుతుంది నాయనా, పక్క సందులోకి వెళ్ళు" అని పంపేసేవాడు. అదంతా ఉత్త గొప్ప. నిజానికి ఆయనకి చొక్కాలు కుట్టడం విసుగు.

ఏ మాటకామాటే చెప్పుకోవాలి, ఆ కోట్లకి వచ్చిన పేరులో సగం ఆయన భార్యది. ఆమెని అందరూ కాజాలక్క అంటారు. బొత్తాం దూరే కాజా ఉంది చూడండి, దాన్ని మిషను మీద తీస్తే నాలుగు ఉతుకులకి నోరు తెరుస్తుంది. ఈవిడ సూదితో తీసిన కాజా కోటు చిరిగిపోయినా చెక్కుచెదరదు. వయసులో ఉన్నప్పుడు ఇద్దరూ ఒకే పెద్ద టైలరింగు కొట్టులో పని చేసేవారు. ఆయన మిషను మీద, ఆవిడ లోపలి గదిలో కాజాల దగ్గర. కోటు లోపలికి పంపేముందు ఆయన కావాలనే ఒక కాజాకి సుద్దగుర్తు పెట్టకుండా వదిలేసేవాడు. "గుర్తేదయ్యా? నా నెత్తిమీద తియ్యనా కాజా?" అని ఆవిడ విసవిసా లేచి బయటికి రావాలి, అదీ ఆయన కోరిక. కొన్నాళ్ళకి ఆవిడకీ సంగతి అర్థమైంది. అర్థమయ్యాక కూడా లేచి వస్తూనే ఉంది కాబట్టి పెళ్ళయింది.

తరవాత సొంత కొట్టు పెట్టుకున్నారు. పిల్లల్లేరు. ఆ రెండు స్టూళ్ళ మీద ఎదురుబొదురుగా కూర్చుని పొద్దున్నుంచి సాయంత్రం దాకా పని, పనితోపాటు పోట్లాట. కత్తెర ఎక్కడ పెట్టావంటే ఎక్కడ పెట్టావని. లాయర్లు కోటు కొలతలివ్వడానికి వచ్చి, పని అయిపోయాక కూడా ఆ తగాదా వినడానికి నిలబడేవారంటే చూసుకోండి.

వాళ్ళుండేది కొట్టుకి రెండు వీధుల అవతల, ప్రభుత్వ గృహ సంస్థ కట్టిన బ్లాకులో, నాలుగో అంతస్తులో. సంస్థ అంటే పెద్ద మాట గానీ, అక్కడుండే వాళ్ళకి సంస్థంటే గోడమీద పెచ్చులూడే సున్నం, కుళాయిలో రాని నీళ్ళు, పనిచెయ్యని లిఫ్టు. ఆ లిఫ్టు తలుపుకి 'మరమ్మతులో ఉంది' అని ఒక రేకు తగిలించారు. కొన్నాళ్ళకి రేకు కూడా తుప్పుపట్టింది. దాన్ని మాత్రం మార్చి కొత్తది తగిలించారు మహానుభావులు.

లిఫ్టు ఆగిన ఏడాదే కాజాలక్క మెట్లమీద పడింది. మూడో అంతస్తు మలుపులో కాలు జారింది, తుంటి విరిగింది. ఆపరేషనయింది. ఇంట్లో చేతికర్ర పట్టుకుని నాలుగడుగులు వేస్తుంది గానీ మెట్లు మాత్రం ఈ జన్మకి ఎక్కలేవు, దిగలేవు అని డాక్టరు తేల్చేశాడు. ఆసుపత్రి నుంచి తెచ్చినప్పుడు బ్లాకులోని కుర్రాళ్ళు నలుగురు ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి మోశారు. పాపం వాళ్ళ తప్పేం లేదు, మంచికే మోశారు. ఆ మలుపు దగ్గరే కుర్చీ కాలు ఫట్‌మని విరిగింది. ఆవిడ పక్కకి ఒరిగిపోయింది, బట్టలు మోకాళ్ళ పైకి పోయాయి. ప్రతి గుమ్మంలోనూ జనం. ఎవరో కిసుక్కున నవ్వారు కూడా. ఇంట్లోకి వెళ్ళాక ఆవిడ గోడవైపు తిరిగి పడుకుంది. భోజనం చెయ్యలేదు. మర్నాడు మొగుడితో ఒకటే మాట చెప్పింది.

"ఇక నన్ను నలుగురు మోసేది ఒక్కసారే. అప్పటికి నాకు సిగ్గుండదు."

అంతే, అప్పటినుంచి ఆవిడ కిందికి దిగలేదు. పళ్ళు నొప్పెడితే డాక్టరునే పైకి బతిమాలి తెచ్చారు. నల్ల టైలరు పొద్దున్నే కోట్లు కొట్టుకి మోసుకెళ్ళేవాడు, సాయంత్రం కాజాల పనికి మళ్ళీ పైకి మోసుకొచ్చేవాడు. కిటికీలోంచి ఆవిడకి కోర్టు భవనం పైకప్పు కనపడేది, దాని వెనకున్న సందు మాత్రం కనపడేది కాదు. "ఇవాళ కొట్టుకెవరొచ్చారు? ఏమన్నారు? నువ్వేమన్నావు?" అని గుచ్చిగుచ్చి అడిగేది. ఆయన లేనిపోనివి కల్పించి చెప్పేవాడు. ఎందుకంటే, ఆవిడ లేని కొట్టులో ఎవరూ నిలబడి మాట్లాడటం లేదు మరి. కొలతలిచ్చి వెళ్ళిపోతున్నారు.

"నాకింకేం వద్దయ్యా. నా స్టూలుమీద కూర్చుని నాలుగు కాజాలు తీసుకోవాలి. అంతే," అనేది.

సంస్థ ఆఫీసు చుట్టూ ఆయన కాళ్ళరిగేలా తిరిగాడు. ఇవాళ సారు లేరు, రేపు రా. రేపు వెళ్తే, ఇది మా సెక్షను కాదు, పై అంతస్తులో అడుగు. నవ్వొచ్చే సంగతేంటంటే ఆ ఆఫీసులో లిఫ్టు దివ్యంగా పనిచేసేది. ఒకసారి అందులో ఎక్కి పైకి వెళ్తూ ఆయన అద్దంలో తన మొహం చూసుకుని ఏడ్చేశాడు.

ఆ గోడు ఒకరోజు కొట్టులో లాయరమ్మ చెవిన పడింది. కొత్తగా ప్రాక్టీసు పెట్టిన పిల్ల, చిన్నప్పట్నించీ ఆ కొట్టు ఎరిగినదే. గౌను కొలతలివ్వడానికొచ్చి, "పిన్ని కనపడదేం బాబాయ్?" అని అడిగింది. ఆయన చెప్పాడు. ఆ అమ్మాయికి కడుపు మండింది. పైసా పుచ్చుకోకుండా కేసు వేసింది. కోర్టు కూడా వినగానే ఉత్తర్వు ఇచ్చింది, గడువులోగా లిఫ్టు బాగుచేసి తీరాలని. ఆ రోజు బ్లాకులో అందరూ వచ్చి కాజాలక్కని అభినందించి వెళ్ళారు. ఆవిడ కొట్టుకి వేసుకెళ్ళే బట్టలు తీసి, ఇస్త్రీ చేయించి పెట్టుకుంది.

గడువు వచ్చింది, పోయింది. రేకు ఎక్కడిదక్కడే ఉంది.

అప్పుడు లాయరమ్మ ఆయాసపడుతూ నాలుగంతస్తులూ ఎక్కొచ్చి, మంచంమీద కూర్చుని, ఇక కోర్టు ధిక్కారం కింద పిటిషను వేద్దామంది.

"అంటే ఏంటే అమ్మాయ్?" అంది కాజాలక్క, చేతిలో సూది ఆపకుండానే.

"కోర్టు చెప్పిన పని వాళ్ళు చెయ్యలేదు కదా పిన్నీ. కోర్టు మాటని లెక్కచెయ్యలేదు. అది పెద్ద తప్పు. జైలుకి కూడా పంపించొచ్చు."

ఆవిడ ఇంకో కుట్టు వేసింది. "అయితే నన్నిన్నాళ్ళూ పైన కూర్చోబెట్టింది తప్పు కాదు. జడ్జిగారి మాట విననిది తప్పు."

లాయరమ్మ తడబడింది. "అలా కాదు పిన్నీ... సరే, అలాగే అనుకో. కానీ పని దానివల్లే అవుతుంది. జైలంటే ఎవరికైనా భయమేగా."

"నాకెందుకే వాళ్ళ జైలు! వాళ్ళని లోపల కూర్చోబెడితే నేను కిందికి దిగుతానా?" అని నవ్వింది కాజాలక్క. నవ్వుతూనే, "సరే వెయ్యి. జడ్జిగారికి కోపమొస్తే మన లిఫ్టు కదుల్తుందంటే, రానీ కోపం," అంది.

కోపం రావడానికి మాత్రం చాలా వాయిదాలు పట్టాయి. మొదటి అధికారి రాకుండానే బదిలీ అయ్యాడు. రెండో ఆయన వచ్చి, "నేను కొత్తగా చేరాను, ఫైలు చదవడానికి సమయం కావాలి" అన్నాడు. చదివేలోపల ఆయన్నీ మార్చేశారు. మూడోసారి వచ్చినవాడు ఇంచార్జి ఇంజినీరు. బక్కపల్చటి మనిషి. ప్రతి వాయిదాకీ నల్ల టైలరు కొట్టు మూసి, కోర్టు హాలులో వెనక బెంచీమీద కూర్చునేవాడు. సంస్థ తరఫు లాయరు లేచి గడువు అడిగినప్పుడల్లా ఈయన కళ్ళు ఆ గౌను అంచుమీదే ఉండేవి. అది ఈయన కత్తిరించి, కాజాలక్క అంచు కుట్టిన గౌనే మరి. ఊళ్ళో లాయర్లందరికీ ఆయనే టైలరైతే అంతేగా.

చివరికి జడ్జిగారికి రానే వచ్చింది కోపం. ఇంజినీరుని నిలబెట్టి, "వచ్చే వాయిదాకి లిఫ్టు నడిపించి రండి. లేకపోతే బట్టలు సర్దుకుని రండి. ఇక్కణ్ణించి ఎటు పంపాలో నేను చూసుకుంటాను" అన్నాడు. నల్ల టైలరు మెట్లెక్కుతున్న సంగతే మరిచిపోయినట్టు ఎగురుకుంటూ ఇంటికొచ్చి ఆ మాట పెళ్ళానికి చెప్పాడు. ఎన్నోసార్లు చెప్పించుకుంది ఆవిడ.

ఆ వాయిదా మధ్యాహ్నం ఉందనగా పొద్దున్నే సంస్థ జీపు వచ్చింది. వెనక ఒక వ్యాను. మెకానిక్కు, ఇద్దరు కూలీలు. వ్యానులోంచి ఒక ఇనప పెట్టె దింపి పైకి మోసుకెళ్ళారు. అది లిఫ్టుని నడిపించే కరెంటు బోర్డట. ఇంజినీరు కింద నిలబడి గడియారం చూసుకుంటూ చెమట తుడుచుకుంటున్నాడు. ఉన్నట్టుండి లోపల ఎక్కడో గర్రుమని మూలిగింది, దీపం వెలిగింది, లిఫ్టు కదిలింది. బ్లాకు బ్లాకంతా కేకలు. గుమ్మాల్లో ఆడవాళ్ళు చప్పట్లు కొట్టారు. వాచ్‌మన్ ఆ రేకు పీకి అవతల పారేశాడు.

కాజాలక్క అప్పటికే ఇస్త్రీ బట్టలు కట్టుకుని, తల దువ్వుకుని, సూదులపెట్టె ఒళ్ళో పెట్టుకుని చక్రాల కుర్చీలో కూర్చుంది. లాయరమ్మ వాళ్ళ అమ్మమ్మ వాడిన కుర్చీ అది. ఎప్పుడో ఇచ్చి వెళితే మంచం పక్కన ముడిచి ఉంచారు.

"భయంగా ఉందా?" అన్నాడాయన, కుర్చీ తోస్తూ.

"నువ్వు తోస్తున్నావు కాబట్టి భయం. ఆ గడప చూసుకో ముందు!"

లిఫ్టు తలుపు దగ్గర మెకానిక్కు ఉన్నాడు. ఆవిడని చూసి ఏదో చెప్పబోయి ఆగి, మళ్ళీ అన్నాడు, "అమ్మా, భోజనాల వేళకల్లా పైకొచ్చెయ్యండి."

"ఎందుకు నాయనా? మళ్ళీ ఆపేస్తారా ఏంటి?"

వాడు వెనక్కి చూశాడు. పైకొచ్చి వెనకే నిలబడ్డ ఇంజినీరు అందుకుని, "మొదటిరోజు కదండీ అమ్మగారూ, ట్రయల్. కొంచెం చూసుకోవాలి, అంతే" అన్నాడు. ఆ మాట నల్ల టైలరు కూడా విన్నాడు. విన్నాడు గానీ ఆ క్షణాన ఆయన బుర్రలోకి ఏదీ ఎక్కే స్థితిలో లేదు. పెళ్ళాం ఇస్త్రీ బట్టలు కట్టుకుని కిందికి దిగుతోంది, ఇంకేం ఎక్కుతుంది?

కింద లిఫ్టు తలుపు తెరుచుకోగానే, వాళ్ళతోపాటే దిగిన ఇంజినీరు ముందు బయటికొచ్చి ఫోనుతో ఫోటో తీశాడు. "అమ్మగారూ, ఇటు చూడండి, నవ్వండి" అన్నాడు. ఆవిడ నవ్వింది. ఎవరూ చెప్పకపోయినా నవ్వేదే. అంత హాయిగా నవ్విన మొహం ఆవిడది నల్ల టైలరు చూసి ఎన్నాళ్ళైందో.

రెండు వీధులు దాటడానికి చాలాసేపు పట్టింది. ప్రతి కొట్టువాడూ బయటికొచ్చాడు. చెప్పులు కుట్టే ఆయన, టీకొట్టావిడ, టైపు మిషను పెట్టుకు కూర్చునే గుమాస్తా. అందరికీ కాజాలక్క తగిన చురక వేసింది. "ఏం గుమాస్తా, జుట్టంతా ఏ కేసులో పోగొట్టావు?" అంది. సందు మొగలో కుర్చీ ఆపించి, కొట్టు బోర్డు తలెత్తి చూసి, "తుడవనైనా లేదు, సోమరిపోతు" అంది. ఆయన తలుపు తీశాడు. ఆవిడ తన స్టూలుమీద వేలితో రాసి చూసింది. దుమ్ము లేదు. రోజూ తుడిచేవాడాయన, ఎవర్నీ కూర్చోనిచ్చేవాడు కాదు. ఆవిడ సూదికి దారం ఎక్కిస్తూ చాలాసేపు తలొంచుకునే ఉంది.

మధ్యాహ్నం ఆవిణ్ణి కొట్టులోనే వదిలి, టీకొట్టావిడకి చూస్తుండమని చెప్పి, ఆయన కోర్టుకి వెళ్ళాడు. భోజనాల వేళ ఎప్పుడో దాటిపోయింది. మెకానిక్కు మాట ఇద్దరికీ గుర్తే లేదు.

కేసు పిలిచారు. సంస్థ లాయరు లేచి, ఉత్తర్వు అమలైందన్నాడు. ఆలస్యానికి అధికారులు బేషరతుగా క్షమాపణ చెప్పుకుంటున్నారన్నాడు. ఫోటో పైకి అందించాడు. జడ్జిగారు కళ్ళద్దాలు సర్దుకుని చాలాసేపు చూశాడు. ఆయన మొహంలో కూడా ఒక చిన్న నవ్వు వచ్చింది. ఆ ఫోటోలో నవ్వు అలాంటిది మరి.

లాయరమ్మ లేచింది. "మేం స్వయంగా పరిశీలించుకోవాలి. లిఫ్టు నిలకడగా నడుస్తోందో లేదో తెలుసుకోడానికి కొంత సమయం..."

వెనకనుంచి నల్ల టైలరు ఆమె గౌను పట్టి లాగాడు. "వద్దమ్మా, వద్దు. అయిపోయిందిగా. పాపం ఆయన్ని ఇంకా ఎందుకు నిలబెట్టడం?"

"ఉండు బాబాయ్..." అంది ఆమె గొంతు తగ్గించి.

"ఏమంటున్నారాయన?" అన్నాడు జడ్జిగారు.

ఎంతమంది పెద్దమనుషులకి కోట్లు కుట్టాడు గానీ ఏ జడ్జీ ఆయన్ని పలకరించి ఎరగడు. చేతులు కట్టుకుని ముందుకొచ్చాడు.

"అయ్యా, మా ఆవిడ దిగిందయ్యా. లిఫ్టులోనే దిగింది. నా కళ్ళతో చూశాను. ఇప్పుడు మా కొట్టులో కూర్చుని కాజాలు తీస్తోంది. మీ చలవ. ఆ ఇంజినీరుగారిని ఏమీ అనకండయ్యా. ఆయనా ఇంటికి వెళ్ళాలి కదా."

హాలులో ఎవరో నవ్వారు, అది మంచి నవ్వే. లాయరమ్మ మెల్లిగా కూర్చుండిపోయింది. జడ్జిగారు క్షమాపణ అంగీకరించి, ధిక్కారం కేసు మూసేశాడు. కోర్టుకి జరిగిన అవమానం ఆ విధంగా తీరిపోయింది.

బయట ఇంజినీరు నల్ల టైలరు రెండు చేతులూ పట్టుకున్నాడు. ఆ చేతులు చల్లగా, తడిగా ఉన్నాయి. మొహంలోకి చూడకుండా వెళ్ళి జీపెక్కాడు. సంస్థ లాయరు మాత్రం హుషారుగా వచ్చి గౌను విప్పి ఈయన చేతిలో పెట్టాడు. "అంచు ఊడింది మాస్టారూ, మేడంగారితో కుట్టించండి. తొందరేం లేదు" అన్నాడు. ఈయన అలాగేనని సంతోషంగా పుచ్చుకున్నాడు.

సాయంత్రం దాకా ఇద్దరూ కొట్టులోనే ఉన్నారు. కత్తెర గురించి పోట్లాడుకున్నారు. ఇద్దరు లాయర్లు ఊరికే నిలబడి విన్నారు కూడా. పొద్దు వాలాక కొట్టు మూసి, గౌను సంచిలో పెట్టి, కుర్చీ తోసుకుంటూ ఇంటికొచ్చారు. ఆయన లిఫ్టు బటన్ నొక్కాడు. దీపం వెలగలేదు. మళ్ళీ నొక్కాడు. గట్టిగా నొక్కాడు. అరచేత్తో కొట్టాడు.

వాచ్‌మన్ వచ్చి నిలబడ్డాడు.

"ఆ బోర్డు మనది కాదట మాస్టారూ. పక్క కాలనీ బ్లాకులో నడుస్తున్న లిఫ్టుని ఆపి, దాంట్లోది తెచ్చారట. కొత్తదానికి పైనుంచి మంజూరే కాలేదట. భోజనాలవగానే వచ్చి విప్పేసి పట్టుకుపోయారు. నేనడ్డం పడ్డాను. అక్కడ ఎవరో పెద్దాయన పొద్దున్నుంచి పైన ఇరుక్కుపోయి ఆసుపత్రికి వెళ్ళలేక గోలపెడుతున్నాడట. అది చెప్పాక నేనేం చెయ్యను?"

నల్ల టైలరు ఎవర్ని తిట్టాలి? మెకానిక్కు చెప్పనే చెప్పాడు. ఆ పెద్దాయనెవరో తనలాంటివాడే. ఫోను తీసి లాయరమ్మకి చేశాడు. ఆ అమ్మాయి అంతా వింది.

"బాబాయ్, నేను సమయం అడిగాను కదా."

"ఇప్పుడేం చెయ్యాలమ్మా?"

"మళ్ళీ మొదటినుంచి. కొత్త పిటిషను వెయ్యాలి. కానీ ఇవాళ కోర్టులో నువ్వు చెప్పింది రికార్డయింది."

"నేను అబద్ధం చెప్పలేదుగా అమ్మా!"

"అదే బాబాయ్. నువ్వు నిజమే చెప్పావు," అంది ఆ అమ్మాయి.

ఫోను జేబులో పెట్టుకుని పెళ్ళాం దగ్గరికొచ్చాడు. ఆవిడ మెట్లకేసి చూస్తోంది.

"కొట్టుకే పోదాం పద. బల్లకింద పక్క వేస్తాను," అన్నాడు.

"బాత్రూముకో? సందు చివరికి నడిపిస్తావా నన్ను?"

వాచ్‌మన్ గది చూశారు. అందులో వాడే కాళ్ళు చాపుకోలేడు. కింది అంతస్తువాళ్ళని అడుగుదామంటే ఒక్కో గదిలో ఎంతమంది ఉంటారో అందరికీ తెలుసు. ఆవిడ పొద్దున్నుంచి కూర్చునే ఉంది, తుంటి లాగేస్తోంది. ఆ సంగతి ఆవిడ చెప్పలేదు, కుర్చీ చెయ్యి పట్టుకున్న తీరు చూస్తే తెలుస్తోంది. "పొద్దున కేకలు పెట్టినవాళ్ళంతా ఏరీ?" అని మాత్రం నవ్వబోయింది. అందరూ గుమ్మాల్లోనే ఉన్నారు. ఎవరూ బయటికి రావడం లేదు. ఆవిడ శపథం అందరికీ తెలుసు మరి.

చివరికి ఆవిడే అంది.

"పిలు. మన బ్లాకులో ఆ బేకరీవాణ్ణి, వాళ్ళ తమ్ముణ్ణి, డ్రైవరుని పిలు."

"వద్దే..."

"నాలుగోవాడివి నువ్వే. పిలు."

వాచ్‌మన్ తన గదిలోంచి గట్టి చెక్కకుర్చీ తెచ్చాడు. ఆవిణ్ణి అందులో కూర్చోబెట్టారు. ఎవరూ ఎవరి మొహమూ చూడలేదు. ఆవిడ చెయ్యి చాపి, "ఆ సంచిలో గౌనుందిగా, ఇలా ఇయ్యి" అంది. ఇచ్చాడు. విప్పి, తలమీంచి మోకాళ్ళ దాకా కప్పేసుకుంది. లోపల సూదులపెట్టె గలగలలాడింది.

ఎత్తారు. బేకరీవాడు ముందు, తమ్ముడు పక్కన, డ్రైవరూ నల్ల టైలరూ వెనక. గుమ్మాల్లో ఉన్నవాళ్ళు లోపలికి తప్పుకుని తలుపులు దగ్గరగా వేసుకున్నారు. పొద్దున చప్పట్లు కొట్టిన ఆడవాళ్ళే. ఈసారి ఎవరూ నవ్వలేదు. మెట్టు మెట్టుకీ కుర్చీ ఊగుతోంది, నల్ల టైలరు పట్టుకున్న వైపు కిందికి ఒరుగుతోంది. డ్రైవరు, "మాస్టారూ, నేను పడతాను, మీరు వదిలెయ్యండి" అన్నాడు. ఆయన వదల్లేదు.

మూడో అంతస్తు మలుపు వచ్చింది. కుర్చీ తిప్పడానికి ఒక్క క్షణం ఆగారు.

"ఏమయ్యా," అంది గౌను లోపల్నించి.

"ఆఁ."

"అప్పటికి నాకు సిగ్గుండదన్నాను కదూ?"

ఆయన కుర్చీ పట్టు సర్దుకున్నాడు.

"ఉందయ్యా," అంది.

ఆయన రెండు చేతులూ కుర్చీకే ఉన్నాయి. కళ్ళు తుడుచుకోడానికి కూడా వీల్లేదు. బేకరీవాడు వెనక్కి తిరక్కుండానే, "ఎత్తుదామా మాస్టారూ?" అని అడిగాడు. ఇంకా ఒక అంతస్తు ఉంది.